ముత్యాలప్ప కట్టిన తొట్టి ఇల్లు

సుగటూరులో శ్రీనివాసమూర్తి కొత్తగా తొట్టి ఇల్లు కట్టిస్తున్నాడనీ, ఆ పని ముత్యాలప్పకు ఇచ్చాడనీ తెలిసిన రోజు ఆవులప్పకు అన్నం సయించలేదు.

ఇద్దరూ మేస్త్రీలే. ఇద్దరూ పని నేర్చుకున్నది ఆవులప్ప తండ్రి దగ్గరే. కోలారు చుట్టుపక్కల ఒకప్పుడు కాస్త జరుగుబాటున్న రైతులందరివీ తొట్టి ఇళ్లే. నడుమ ఆకాశం కనబడే తొట్టి, దాని చుట్టూ చెక్క కంబాల మీద నిలిచిన పడసాల, లోపలికి వాలిన నాటు పెంకుల కప్పు, మూరెడు మందం మట్టి గోడలు. ఒక పక్క ఆవులు, ఒక పక్క రాగుల గాదె, ఇంకో పక్క పట్టుపురుగుల తట్టలు. వాటిలో చాలా ఇళ్లు ఆ పెద్దాయన చేతి మీదుగా లేచినవే. సిమెంటు వచ్చాక అడిగేవాళ్లు తగ్గారు. ఆవులప్ప గనుల పట్నం రాబర్ట్‌సన్‌పేటకు పోయి స్లాబు మిద్దెలు కట్టి పేరు తెచ్చుకున్నాడు. మట్టి పిసుక్కుంటూ ఊళ్లోనే ఉండిపోయిన ముత్యాలప్పను చూసి నవ్వేవాడు కూడా.

ఇప్పుడు రోజులు మారాయి. పాత ఇళ్లే చల్లగా ఉంటాయని డబ్బున్నవాళ్లు మళ్లీ వెతుక్కుంటూ వస్తున్నారు. ఆవులప్ప వెళ్లి అడిగితే, నువ్వు స్లాబు మేస్త్రివి కదా అని శ్రీనివాసమూర్తి మర్యాదగానే పంపేశాడు. తండ్రి విద్యకు తనే పరాయివాడైపోయాడు.

ఉండబట్టలేక ఒక పూట చూడడానికి వెళ్లాడు. మాస్తి ఊళ్లో పడగొట్టిన ఇంటి నుంచి తెచ్చిన పనస కంబాలు వరసగా నిలబడి ఉన్నాయి. గోడ మీద చెయ్యి పెడితే అచ్చం తండ్రి పనిలాగే నున్నగా తగిలింది. ఏదైనా తప్పు దొరక్కపోతుందా అని మూలమూలా వెతికాడు. దొరికింది. తొట్టిలో పడిన నీళ్లు బయటికి పోవడానికి నాలుగంగుళాల పైపు వేశారు. పెద్ద తూమైతే ఎలుకలూ పాములూ దూరతాయని ఇంటావిడ చంద్రిక పట్టుబట్టిందట. నాలుగు పక్కల కప్పుల మీద పడే వాన ఆ పైపులో పట్టదని ఆవులప్పకు తెలుసు. చెప్పలేదు. పని బాగుందని ముత్యాలప్పను మెచ్చుకుని బస్సెక్కాడు.

ఆ తర్వాత రోజూ మబ్బు కోసం చూశాడు.

గృహప్రవేశం నెల రోజులుందనగా రెండు రోజులు వదలకుండా వాన కురిసింది. తెరిపి ఇవ్వగానే సుగటూరు చేరాడు. తొట్టి నిండి నీళ్లు పడసాలకెక్కి, పడమటి గది గోడ నాని కూలిపోయి ఉంది. ఎవరికీ దెబ్బ తగల్లేదు. శ్రీనివాసమూర్తి ముందు ముత్యాలప్ప చేతులు కట్టుకుని, తప్పు తనదేనని ఒప్పుకుంటున్నాడు. పైపు కోసం పట్టుబట్టింది చంద్రికేనన్న మాట ఎత్తనేలేదు. ఇన్నాళ్లూ ఎదురుచూసిన సంతోషం ఆవులప్పకు రాలేదు.

యజమాని వెళ్లాక ముత్యాలప్ప దగ్గరికొచ్చాడు.

“ఆ పొద్దు పైపు కాడ శానాసేపు నిలబడినావు గదన్నా. నీకు తెలిసే ఉండాది.”

“తెలుసప్పా.”

“ఏల చెప్పలేదు?”

“నాయన పని నీ చేతిలో ఉండాదే అని. ఓర్చుకోలేకపోయినాను.”

ముత్యాలప్ప కూలిన గోడ వైపు తిరిగి, “నాయన తూము ఎంత వెడల్పు పెడతా ఉండినాడు? నాకు సరిగ్గా గురుతు లేదు,” అన్నాడు.

ఆవులప్ప రెండు చేతులూ చాపి కొలత చూపించాడు.

ఇరవై రోజులు ఇద్దరూ కలిసి బండలు లేపి తూము వెడల్పు చేశారు, దాని నోటికి ఇనుప జాలీ బిగించారు, గోడ మళ్లీ కట్టారు.

గృహప్రవేశం నాడు శాలువా ముత్యాలప్ప భుజాల మీద పడింది. అతను ఆవులప్పను ముందుకు పిలిచి, తూము పెట్టింది అన్నేనని అందరికీ చెప్పాడు. పాత సంగతి మాత్రం ఎవరి చెవినా వేయలేదు. ఆవులప్ప నవ్వుతూ దండం పెట్టాడు. పనిలో మించినవాడు మంచితనంలోనూ మించాడే అని లోపల ఇంకోసారి కాలింది. భోజనం చేసి మధ్యాహ్నం బస్సుకే రాబర్ట్‌సన్‌పేట వెళ్లిపోయాడు. అక్కడ స్లాబు పని ఆగి ఉంది.