గోడ మీద అమ్మ

“అడిగుంటే ఇచ్చుండనా? దొంగ మాదిరి ఎత్తుకపోతావా?” అని వెంకటమ్మ అనడం ఆ పొద్దున ఏడోసారి. ధనశేఖర్ జవాబూ ఏడుసార్లూ ఒకటే.

“షూటింగుకు అర్జెంటుగా ఫోటో కావాల్సొచ్చిందమ్మా.”

“నా కుక్కరు కూడా అర్జెంటుగానే పోయింది” అంది భార్య హేమావతి, అనపకాయలు వలుస్తూ. “నా పెండ్లి చీర పోయి కర్టెన్ అయింది. ఇప్పుడు అత్తమ్మ వంతు.”

ధనశేఖర్ తీసిన ఒకే ఒక్క సినిమా తొంభై నాలుగులో కృష్ణగిరిలో నాలుగు రోజులు ఆడింది. ఏడేళ్ళు వాళ్ళకీ వీళ్ళకీ రాసిపెట్టాక, మద్రాసులో రోజూ వచ్చే టీవీ సీరియలు చేతికొచ్చింది. రాసేదీ తీసేదీ తనే. అందులో హీరోయిన్, పోయిన అత్తగారి ఫోటో ముందు నిలబడి కష్టాలు చెప్పుకుంటుంది. హోసూరులో తమ ఇంట్లో ట్రంకుపెట్టె అడుగునున్న తల్లి ఫోటోనే పట్టుకుపోయాడు. నలభై ఎపిసోడ్లలో అది ఎక్కడో వెనక ఉండడంతో ఎవరూ పోల్చుకోలేదు. మొన్న శుక్రవారం కెమెరామన్ దండతో సహా దగ్గరగా చూపించాడు. హీరోయిన్‌తోపాటు కళ్ళు తుడుచుకుంటున్న వెంకటమ్మ చెయ్యి అలాగే ఆగిపోయింది.

“ఇప్పుడన్నా మార్చు.”

“ఇన్నాళ్ళూ ఒక ముఖం చూపించి ఇప్పుడు ఇంకొకటి పెడితే కంటిన్యుటీ పోతుందమ్మా. ఛానెలోళ్ళు సీరియలే ఆపేస్తారు. మళ్ళీ నాకెవరిస్తారు?”

“మరి నా కంటిన్యుటీ?”

వాకిట్లో ఆటో ఆగింది. కృష్ణగిరి దగ్గరి పోచంపల్లి నుంచి వెంకటమ్మ తమ్ముడు నంజప్ప దిగాడు. చంకలో కొత్త పంచె. తల్లి పోయిన మేనల్లుడికి మేనమామే బట్ట పెట్టాలి. గడప దాటి, అక్కను చూసి గోడ పట్టుకున్నాడు.

“నువ్వు ఈడనే ఉండావా అక్కా!”

“ఇంక యాడుంటారా?”

“టీవీలో దండేసినారే! దావంతా ఏడ్చుకుంటా వచ్చినాను.”

“ఫోను చేసుండొచ్చు కదా మామా?” అన్నాడు ధనశేఖర్.

“ఫోను చేసి, మీ అమ్మ పోయిందా అప్పా అని అడగతారా ఎవరన్నా?” ఏడుపు తగ్గాక నంజప్పకు కోపం వచ్చింది. “సంతరోజు, అంగడి మూసేసి వచ్చినాను!” అని, బతికుండడం అక్క తప్పయినట్టు చూశాడు. “మత్తూరు చుట్టాలంతా ఎనక బస్సులో వస్తావుండారు.”

“ఎంతమంది?” అని హేమావతి బియ్యం డబ్బా వైపు లేచింది.

ధనశేఖర్, నంజప్ప తన ఒళ్ళో పడేసిన పంచె వైపే చూస్తూ కూర్చున్నాడు. దాని గంజి వాసన అతనికి నచ్చలేదు.

“ఫోటో తీసేస్తానమ్మా” అన్నాడు చివరికి. “సీరియలు పోతే పోనీ.”

వెంకటమ్మ కోడలు వదిలిన చేట ముందుకు లాక్కుని నాలుగు కాయలు వలిచింది. తర్వాత, గొంతు పెంచకుండా, అందరికీ వినబడేట్టు చెప్పింది.

“తియ్యద్దు. ఆ అత్త చావలేదని రాసుకో. కాశీకి పోయి, దావ తప్పి, ఇప్పుడు ఇల్లు చేరింది. ముఖం మారకూడదన్నావే, సోమవారం షూటింగుకు నేనే వస్తాను. తిరిగొచ్చేటప్పుడు నీ కుక్కరు తెస్తాలే హేమా.”