వీరుడు పోతే కత్తి ఎవరిది?

భరద్వాజకి పెళ్ళాం మీద అసూయ. ఈ మాట ముందే చెప్పేసుకుంటే మన మధ్య దాపరికం ఉండదు. ఆమె అందం మీద కాదు, పుట్టింటి ఆస్తి మీద అంతకన్నా కాదు. అట్టముక్కలతో ఆడే ఒక ఆటలో ఆమె తనకన్నా బాగా ఆడుతోందని. తెనాలిలో జూనియర్ కాలేజీ లెక్కల మాస్టారు, రెండొందల మంది పిల్లల్ని గడగడలాడించే మనిషి, దీనికి కుళ్ళుకోవడమేంటని మీరనొచ్చు. కుళ్ళుకి ఉద్యోగం, హోదా అడ్డొస్తే లోకం ఇంకోలా ఉండేది.

ఆ ఆటని బెంగళూరు కంపెనీ ఒకటి అచ్చేసింది. పెట్టె మీద ఏదో ఇంగ్లీషు పేరుండేది గానీ తెనాలిలో అందరూ వీరులాట అనేవారు. రెండువేల నాలుగులో మొదటి పెట్టె హైదరాబాదు నుంచి తెచ్చింది భరద్వాజే. ఆదివారం పొద్దున్నే పాండురంగారావు గారి ఎరువుల కొట్టు మేడమీద ఆట సాగేది. ఆయనకి వేమూరు దగ్గర పొలం ఉంది, ఒకప్పుడు పేకాట పిచ్చీ ఉండేది. ఇంట్లో పోరు పడలేక, “ఇది పేక కాదే, వీరులు” అని భార్యకి చెప్పి ఇందులోకి దిగాడు. రేపల్లెలో సెల్‌ఫోన్ల కొట్టు నడిపే అనుదీప్ పాసింజరెక్కి వచ్చేవాడు. ఇంకో ఐదారుగురుండేవారు. ఇంగ్లీషు రూల్స్ పుస్తకం ఓపిగ్గా చదివి అందరికీ తెలుగులో చెప్పేది మాత్రం భరద్వాజ ఒక్కడే. తగువొస్తే “మాస్టారేమన్నారు?” అని అతని మొహం చూసేవారు. మాస్టారు ఏమంటే అదే రూలు. భరద్వాజకి ఆ మేడమీద దొరికే మర్యాద కాలేజీలో ప్రిన్సిపాలు దగ్గర కూడా దొరికేది కాదు. దానికోసమే వారమంతా ఎదురు చూసేవాడు.

ఒక వానాకాలం ఆదివారం, మనుషులు తక్కువై, అతనే పెళ్ళాం హరితని తీసుకెళ్ళి కూర్చోబెట్టాడు. కోరి తెచ్చుకున్న తంటా! ఏకులా వచ్చి మేకైంది.

భరద్వాజ ఆట అంతా పెద్ద పెద్ద వీరులతో ఉండేది. ఏనుగంత వాణ్ణి ఒకణ్ణి దింపాలి, వాడితో అవతలివాణ్ణి తొక్కించాలి. దింపడానికి బోలెడు శక్తి ఖర్చవుతుంది, వాణ్ణి అవతలివాడు చంపితే చేతులు దులుపుకోవడమే. హరిత పెద్ద వీరుల జోలికే పోలేదు. చీపురుపుల్లల్లాంటి సైనికుల్ని పదిమందిని పెట్టుకుని, ఆయుధాల కార్డుల మీద దృష్టి పెట్టింది. కత్తి, డాలు, కవచం ఒకసారి బల్లమీదికొస్తే సైనికుడు చచ్చినా అవి చావవు, అక్కడే పడి ఉంటాయి. మన వంతు రాగానే కాస్త శక్తి చెల్లించి ఇంకొకడి చేతికివ్వొచ్చు. “కత్తికి కదండీ విలువ, పట్టుకున్నవాడికేముంది?” అనేది. మళ్ళీ కత్తులు మరీ ఎక్కువ పెట్టుకునేది కాదు. నలభై కార్డుల కట్టలో ఆరే ఆయుధాలు. అంతకు మించితే చేతినిండా కత్తులుండి పట్టేవాడుండడని ఆమె లెక్క. బీకాం లెక్క. ఎమ్మెస్సీ లెక్కలవాడికి తట్టని లెక్క.

ఏడాది తిరక్కుండా ఆ చీపురుపుల్లలు భరద్వాజ ఏనుగుల్ని వరసగా పడగొట్టాయి. మొదట్లో అతనే నవ్వి, “నేను నేర్పిందేగా” అన్నాడు. తరవాత్తరవాత ఆ నవ్వు తగ్గింది. ఒకరోజు ఇంటికి ఫోన్ చేసి అనుదీప్, “సార్, అక్క ఉందా? డాళ్ళెన్ని పెట్టుకోవాలో అడుగుదామని” అన్నాడు. ‘నన్నడగొచ్చుగా’ అనే మాట గొంతుదాకా వచ్చింది భరద్వాజకి. ఫోన్ హరితకిచ్చి, వాళ్ళు మాట్లాడినంతసేపూ పేపర్లో ఒకే వార్త చదువుతూ కూర్చున్నాడు.

రెండువేల ఆరు ఫిబ్రవరిలో బాపట్ల ఇంజినీరింగ్ కుర్రాళ్ళు పెద్ద పోటీ పెడుతున్నారని కబురొచ్చింది. దానికి ముందు ఆదివారం, అందరూ చూస్తుండగా, హరిత భరద్వాజని పావుగంటలో ఓడించింది. పాండురంగారావు తొడ చరిచాడు. “మాస్టారూ, ఇంక మీరు కాఫీలు తెప్పించండి, రూల్సు అమ్మాయి చెప్తుంది!”

అందరూ నవ్వారు. ఆయన సరదాకే అన్నాడు. భరద్వాజ కూడా నవ్వి, నిజంగానే లేచి కాఫీలకి చెప్పొచ్చాడు.

ఆ వారమే కొత్త కార్డుల ప్యాకెట్లొచ్చాయి. వాటిలో వశీకరణం అనే కార్డుంది. దాంతో అవతలివాడి వీరుణ్ణైనా సైనికుణ్ణైనా మనవైపు తిప్పేసుకోవచ్చు, తిప్పుకున్న వంతులో మాత్రం వాడు కొట్టలేడు. మంగళవారం పొద్దున హరిత పెసరట్టు తిరగేస్తూ అడిగింది.

“ఏవండీ, నా సైనికుణ్ణి ఎవరన్నా వశం చేసుకుంటే వాడి చేతిలో నా కత్తి ఎవరిదవుతుంది?”

భరద్వాజ ఆ రూలు ముందురోజే చదివాడు. సైనికుడు పోయినా కత్తి పోదు. దాన్ని బల్లమీద పెట్టినవాళ్ళదే అది. తమ వంతు రాగానే వాడి చేతిలోంచి లాగేసి తమవాడికి ఇచ్చుకోవచ్చు. అంటే హరిత ఆటకి ఆ కొత్త కార్డు వల్ల వచ్చే నష్టం దాదాపు లేదు. ఆ సంగతి చదవగానే అతనికి కోపం కూడా వచ్చింది, కంపెనీవాళ్ళు కూడా దీని పక్షమేనా అని.

“వాడితోపాటే పోతుంది,” అన్నాడు.

మాట అనుకోకుండా జారింది. కానీ జారాక తీసుకోవడానికి అతనికి నాలుగు రోజులున్నాయి, తీసుకోలేదు.

“అయ్యో, అలాగా!” అంది హరిత. ఆ సాయంత్రమే కట్ట విప్పి, ఉన్న మూడు కత్తుల్లో రెండు తీసేసింది. పోయేవాటిని పెంచుకోవడమెందుకని.

శనివారం పొద్దున పాసింజర్లో బాపట్ల బయల్దేరారు. నిడుబ్రోలు దాటాక భరద్వాజకి మనసొప్పలేదు. “హరితా,” అన్నాడు. ఆమె కార్డుల్లోంచి తలెత్తి, “ఇడ్లీ పెట్టనా?” అంది. అవతలి సీట్లోంచి పాండురంగారావు, “అమ్మాయిని కదిలించకండి మాస్టారూ, ఇవాళ తెనాలి పరువంతా ఆ అమ్మాయి మీదే ఉంది!” అన్నాడు. భరద్వాజ ఇడ్లీ తిన్నాడు.

పోటీ ఒక కల్యాణమండపంలో జరిగింది. ముప్పై మంది ఆటగాళ్ళు. భరద్వాజ రెండో రౌండులోనే అనుదీప్ చేతిలో ఓడిపోయాడు. హరిత నాలుగు రౌండ్లూ గెలిచి, చివరి ఆటకి అనుదీప్ ఎదుటే కూర్చుంది. తెనాలి బృందం చుట్టూ మూగింది. భరద్వాజ ఆమె కుర్చీ వెనక నిలబడ్డాడు. మనసులో మాత్రం తనను ఓడించిన ఆ అనుదీపే గెలవాలని కోరుకుంటున్నాడు. ఆ కోరిక చూసి తనకే అసహ్యమేసింది. అయినా కోరుకుంటూనే ఉన్నాడు.

ఆట బిగిసింది. అనుదీప్‌కి నాలుగే ప్రాణాలు మిగిలాయి. హరితకి మూడు. ఆమె ముందు ఇద్దరు సైనికులు, ఒకడి చేతిలో ఉన్న ఒక్క కత్తి. ఇంకో దెబ్బ పడితే ఆట ముగిసేదే. అప్పుడు అనుదీప్ వశీకరణం కార్డు వేసి, కత్తి ఉన్నవాణ్ణి తనవైపు లాక్కున్నాడు.

హరిత సైనికుణ్ణీ కత్తినీ కలిపి అతనివైపు జరిపేసింది. చూస్తున్నవాళ్ళు అయ్యో అన్నారు. భరద్వాజ గుండెలో సంతోషం ఒక్కసారి ఎగిసింది. అది సంతోషమే, దానికి వేరే పేరు పెట్టలేం.

“మేడమ్, కత్తి ఎందుకిచ్చేశారు?” అన్నాడు బల్ల పక్కన నిలబడ్డ రిఫరీ సుధీర్. ఫైనలియర్ చదివే కుర్రాడు.

“వీరుడు పోతే కత్తీ పోతుంది కదండీ.”

“లేదండి. అది మీదే. వాడి చేతిలో ఉన్నా మీ మాటే వింటుంది. మీ వంతు రాగానే మార్చుకోవచ్చు.”

“మావారు అలా చెప్పలేదండి. రూలు విషయంలో ఆయన తప్పు చెప్పరు,” అంది హరిత ధీమాగా.

సుధీర్ పుస్తకం తెరిచి, ఆ పేరా పైకి చదివాడు. తెనాలివాళ్ళందరి తలలూ అలవాటు ప్రకారం భరద్వాజ వైపు తిరిగాయి. “మాస్టారేమంటారు?” అన్నాడు పాండురంగారావు.

హరిత కూడా వెనక్కి తిరిగి చూసింది.

పొరపాటే అయ్యుంటే భరద్వాజ ఊరుకునే మనిషి కాదు. ఆ పుస్తకం లాక్కుని, పేజీ తిరగేసి, అచ్చుతప్పేమోనని పది నిమిషాలు వాదించేవాడు. మూడేళ్ళ కాపురంలో హరిత ఆ వాదనలు బోలెడు విన్నది. ఇప్పుడతను తేలు కుట్టిన దొంగలా ఆమె భుజం మీదుగా గోడకేసి చూస్తున్నాడు. ఆమె అతని మొహాన్ని కాసేపు చూసింది. కాసేపే, అంతకన్నా అక్కర్లేకపోయింది.

“అవునండి, ఆయన సరిగ్గానే చెప్పారు,” అంది సుధీర్ వైపు తిరిగి. “ఆయన చెప్పింది ఇంకో కార్డు సంగతి. నేనే దీనికీ అంతే అనుకున్నాను. తప్పు నాదే.”

తన వంతు రాగానే శక్తి చెల్లించి, కత్తి తీసి మిగిలిన సైనికుడి చేతికిచ్చింది. ఆ దెబ్బతో ఆట ముగిసింది.

కేకలు, ఈలలు. అనుదీప్ లేచి ఆమెకి దణ్ణం పెట్టాడు. పాండురంగారావు వచ్చి భరద్వాజని కావిలించుకుని, “శిష్యురాలు గెలిస్తే గురువు గెలిచినట్టే మాస్టారూ! అంతా మీ శిక్షణే,” అన్నాడు. ఇంకెవరో కూడా అదే మాటన్నారు. ఏడాదిగా భరద్వాజ ఆకలిగొన్నది ఈ మాటలకే. ఇప్పుడు విస్తరి నిండా వడ్డించారు. ఒక్క ముద్దా మింగుడుపడలేదు.

సాయంత్రం బండిలో మిగతావాళ్ళంతా తలుపు దగ్గర చేరి ఆట మొదటినుంచీ మళ్ళీ చెప్పుకుంటున్నారు. హరిత కిటికీ పక్కన కూర్చుంది. భరద్వాజ ఎదురుగా కూర్చున్నాడు. అప్పికట్ల వెళ్ళింది, మాచవరం వెళ్ళింది. తిడుతుందేమో, ఏడుస్తుందేమో అని ఎదురు చూశాడు. ఏదో ఒకటి చేస్తే బావుండునని కూడా అనిపించింది. చివరికి తనే తెగించి, “కుళ్ళుకున్నానే. కావాలనే అబద్ధం చెప్పాను,” అన్నాడు.

“తెలుసు లెండి,” అంది. కార్డుల కట్ట సంచిలో పెట్టి, “ఇంకేమైనా ఉన్నాయా?” అని అడిగింది.

“ఏంటి?”

“నాకు మార్చి చెప్పినవి. ఆటలోనే అని కాదు.”

“లేవు. ఒట్టు, అదొక్కటే,” అన్నాడు భరద్వాజ. పెళ్ళయిన ఈ మూడేళ్ళలో అతను ఇంత నిజం ఎప్పుడూ చెప్పలేదు.

“సరేలెండి,” అంది హరిత. వీధిలో వంకాయలమ్మే ముత్తయ్య ఒక్క పుచ్చు కూడా లేదమ్మా అంటే, ఆమె రోజూ ఇలాగే సరేలే అని, బుట్ట ముందు కూర్చుని ఒక్కో కాయా తిప్పి చూసుకుంటుంది.