అన్నయ్య ఆగిన చోటు

ముప్ఫై ఏళ్లు సినిమాల్లో వెలిగిన అన్నయ్య మళ్లీ నాటకానికి వచ్చాడు. జబ్బు చేసి లేచాక మాటలు మరిచిపోతున్నాడని అందరూ గుసగుసలాడారు. "ఈ రోజు ఒక్క మాట తప్పినా ఇక మొహానికి రంగు వేసుకోను" అన్నాడు అన్నయ్య. పక్క తెర చాటున నిలబడి అతనికి మాటలు అందించడం సినిమాలకు వెళ్లక ముందు నాటకాల్లో చెల్లెలినైన నా పని; ఇప్పుడూ అదే.

రెండు అంకాలు నల్లేరు మీద బండిలా సాగాయి. ఒట్టి కంటిచూపుతోనే చివరి వరుస దాకా నవ్వించాడు. ఆఖరి రంగంలో ముసలి తండ్రి ఇల్లు విడిచి వెళ్లాలి. అన్నయ్య గుమ్మం పట్టుకుని ఆగిపోయాడు. ఎంతకీ మాట లేదు. నా పై ప్రాణాలు పైనే పోయాయి.

"వెళ్లొస్తాను" అని అందించాను. కంగారులో గొంతు పెద్దదై హాలంతా వినిపించింది.

అన్నయ్య మెల్లగా నా వైపు తిరిగాడు. "వినబడిందమ్మా. ఆ మాట నాకూ తెలుసు. అనడానికే నోరు రావడం లేదు." గుమ్మాన్ని ఒకసారి తడిమి, "వెళ్లొస్తాను" అన్నాడు. లోపలి నుంచి వినిపించిన గొంతు ఆ తండ్రి కూతురిదనుకుని జనం కళ్లు తుడుచుకున్నారు.

తెర పడ్డాక నా నెత్తిన మొట్టాడు. "మర్చిపోలేదే పిచ్చిమొద్దూ! కావాలనే ఆగాను."

"ఆగేవాడివి ముందే చెప్పొద్దూ?"

"చెబితే ఆ గొంతు వచ్చేదా? రేపూ అలాగే అందించు."

"అయితే రేపు కూడా ఆడతావా అన్నయ్యా?"

"ఆడక? ముందు నువ్వు వేడినీళ్లు తాగు, గొంతు బొంగురుపోయింది."