కస్తూరమ్మ నడుము నొప్పి

ఎమ్మిగనూరు మగ్గాల వీధిలో కస్తూరమ్మ మూడు వారాలుగా తోటికోడలు సుకన్యతో మాట్లాడటం లేదు. తగువేమీ జరగలేదు. ఆదోని కోర్టులో పెట్టిన లోక్ అదాలత్‌లో సుకన్యవాళ్ళ బ్యాంకు బాకీ సగానికి తగ్గింది, అంతే. ఆ సగం రెండు కంతుల్లో కట్టుకోమన్నారు. జప్తు కావాల్సిన మగ్గం ఇంట్లోనే ఉండిపోయింది.

అదే బ్యాంకులో, అదే ఏడాది కస్తూరమ్మా అప్పు తీసుకుంది. ఒక్క కంతు తప్పలేదు. చివర్లో చేతిలో ఏమీ లేక తన మగ్గాన్నే అమ్మి కట్టింది. ఇప్పుడు మొగుడి మగ్గం పక్కన కూర్చుని అతని నేతకు నూలు కండెలు చుడుతోంది. గోడ అవతల సుకన్య మగ్గం టకటకమన్నప్పుడల్లా ఆమెకు ఒళ్ళు మండిపోతోంది.

"కట్టినోళ్ళకు ఏమిచ్చినారంట కోర్టోళ్ళు?" అని మొగుణ్ణి నిలదీసింది.

"మనకు బాకీనే లేదు కదా. ఇంగేమిస్తారు?" అన్నాడు మహానంది.

ఆ మాటతో మంట రెట్టింపయింది.

శుక్రవారం సాయంత్రం సుకన్యే గడప దగ్గరికి వచ్చింది. "అక్కా, రేపొద్దున పడుగు సాగదీస్తాండాము. అది మగ్గానికెక్కితేనే షావుకారు అడ్వాన్సు ఇస్తాడంట. సోమవారం లోపల రెండో కంతు కట్టకపోతే కోర్టులో తగ్గించింది గూడా పోతాది. నువ్వు రావల్ల."

"నాకు నడుము నొప్పి" అంది కస్తూరమ్మ. ఆమె నడుము నిక్షేపంగా ఉంది.

తెల్లవారింది. వీధి పొడవునా పడుగు నూలు పరిచారు. గంజి పట్టించాక, తడి ఆరకముందే తెగిన పోగులన్నీ అతకాలి. ఆలస్యమైతే పోగులన్నీ అంటుకుపోయి పడుగంతా పాడవుతుంది. ఆ పనిలో కస్తూరమ్మను మించిన చెయ్యి ఆ వీధిలో లేదు. ఆ సంగతి తెలిసే ఆమె తలుపు మూసుకుని కిటికీలోంచి చూస్తోంది. సుకన్య మొగుడు సురేష్ గంజి కుంచె లాగుతున్నాడు. సుకన్య ఒక్కతే అటూ ఇటూ పరిగెడుతోంది. ఒక పోగు ముడి వేసేలోగా రెండు తెగుతున్నాయి.

బాగా అయింది అనుకుంది కస్తూరమ్మ. కాసేపు కడుపు చల్లబడింది కూడా. ఇంతలో ఎండ పడుగు మీదికి వచ్చింది. సుకన్య చేతికి పోగులు అందక జారిపోతున్నాయి. కస్తూరమ్మ తనను తానే తిట్టుకుంటూ తలుపు తీసింది.

"నీ మింద ప్రేమతో రాలేదు. పోగులు తెగతాంటే చూడలేక వచ్చినా. నీ మగ్గం చూస్తే నాకు కడుపు మండుతాంది, సెప్తాండా."

సుకన్య తలెత్తలేదు. "నిన్ను చూస్తే నాకూ మండుతాదిలే అక్కా. మా గోడకు జప్తు నోటీసు అంటిచ్చిన దినం వీధి వీధంతా చదివినారు. మా నాయన గూడా చదివినాడు. మీ ఇంటికి బ్యాంకోళ్ళు ఎవురూ రాలేదు."

ఆ నోటీసు కస్తూరమ్మా చదివింది. పొయ్యి మీద కూర వదిలేసి మరీ వెళ్ళి చదివింది.

"జరుగు అట్ల" అని, తెగిన కొసల కోసం పడుగు మీదికి ఒంగింది.