ఆముదం వాసన

విమానం దిగేసరికి ఓట్టోమార్ క్రెంకెల్ ముఖంలో కళ్లద్దాల చోటు తప్ప మిగతాదంతా ఆముదమే. మీసాల్లో ఆముదం, కాలర్లో ఆముదం, చివరికి పళ్ల సందుల్లోనూ ఆముదం. మొదటి ప్రపంచయుద్ధం రోజుల్లో జర్మన్ యుద్ధవిమానం ఇంజను ఆముదం తాగి, తాగినదంతా నడిపేవాడి మీదే కక్కేది. క్రెంకెల్ పొట్ట పట్టుకుని, బీటుదుంపల చేను పక్కనున్న మరుగుదొడ్డికి పరుగెత్తాడు.

"ఆరు విమానాలు కూల్చిన వీరుణ్ణి చూడండర్రా!" మెకానిక్ పోల్ వెనకనుంచి కేకేశాడు.

"నోర్మూసుకుని నీళ్లు కాచు!" అని లోపలినుంచి జవాబొచ్చింది.

యుద్ధానికి ముందు క్రెంకెల్ కెమ్నిట్సు ఊళ్లో ట్రాము నడిపేవాడు. గంట కొట్టడం, బ్రేకు వెయ్యడం, సాయంత్రం ఇంటికెళ్లి బంగాళదుంపల సూపు తాగడం, అంతే జీవితం. ఇప్పుడతని ఫోటో పోస్టుకార్డుల మీద అచ్చై పొగాకు కొట్లలో అమ్ముడవుతోంది. కూతురు ట్రూడెల్ ఆ కార్డుకి ముద్దు పెట్టందే నిద్రపోదట. కిందటి సెలవులో అసలు నాన్న ఎత్తుకోబోతే మాత్రం ముక్కు మూసుకుని కెవ్వుమంది. "ఈయనొద్దు, ఆ నాన్న కావాలి," అంటూ కార్డు పట్టుకుని బల్ల కింద దూరింది. సెలవు అయిపోయేదాకా దగ్గరికి రాలేదు. అది తలుచుకుంటే క్రెంకెల్‌కి బతకాలనిపించదు. మనుషుల్ని చంపి తెచ్చుకున్న పేరు, ఉన్న ఒక్క పిల్లనీ దూరం చేసింది.

సాయంత్రం మళ్లీ సెలవుకి ఇంటికెళ్లే రైలు ఎక్కాలి. సైన్యమిచ్చే సబ్బు ఉత్త బంకమట్టి. అయితే నిన్న అతను నేలకి దింపిన ఇంగ్లీషు పైలట్, పట్టుబడ్డ పైలట్‌కి విందు పెట్టే ఆనవాయితీ ప్రకారం వీళ్లతో కలిసి భోంచేస్తూ, పక్కనున్న క్రెంకెల్ వాసన పట్టి నవ్వాడు. తనకీ ఆముదంతో అదే బాధన్నట్టు తన పొట్ట తడిమి చూపించాడు. ఖైదీల బండెక్కే ముందు జేబులోంచి లావెండర్ సబ్బు తీసి అతని చేతిలో పెట్టాడు.

పోల్ వేడినీళ్లు పోస్తుంటే క్రెంకెల్ ఒళ్లు ఎర్రబడేదాకా రుద్దుకున్నాడు.

"వాసన చూడు. నిజం చెప్పు."

పోల్ అతని మెడ దగ్గర ముక్కు పెట్టాడు. "పెళ్లికొడుకులా ఉన్నారు సార్. మా ఆవిడ చూస్తే మిమ్మల్ని వదలదు."

క్రెంకెల్ నవ్వాడు. నవ్వి ఎన్నాళ్లైందో.

అంతలో ప్రమాదం గంట మోగింది. శత్రువిమానాలు రైల్వేస్టేషను వైపు వస్తున్నాయి. తక్కిన పైలట్లు ఇంకా తిరిగి రాలేదు.

"మీరెందుకు సార్? సెలవులో ఉన్నట్టే కదా."

"స్టేషనే పోతే ఇంక నా రైలేదిరా?" కోటు తొడుక్కుంటూ ఆగాడు. "మళ్లీ కంపు కొడతాను కదూ?"

"సగం సబ్బుంది. నీళ్లు పొయ్యి మీదే ఉంచుతాను, వెళ్లిరండి."

కాసేపటికి క్రెంకెల్ విమానం కూలి చనిపోయాడని కబురు వచ్చింది. అతన్ని శత్రువులెవరూ కూల్చలేదు. తిరిగే పంకా రెక్కల సందులోంచి కాల్చే తుపాకీ అదను తప్పింది. అతని గుళ్లే అతని పంకాని విరగ్గొట్టాయి. విమానం దిగిన ప్రతిసారీ ఆ తుపాకీని సరిచూసేది పోల్. ఇవాళ అతను నీళ్లు కాచాడు.

ఇక కార్డులు సంతాపపు నల్లంచుతో ఇంకా ఎక్కువే అచ్చవుతాయి. ట్రూడెల్‌కి ఆ నాన్నే మిగులుతాడు. పోల్ పొయ్యి ముందు కూలబడ్డాడు, నీళ్లు మరుగుతున్నా దించలేదు. తొట్టి అంచున సగం అరిగిన సబ్బు, మీద బొటనవేలి గుంటతో, ఇంకా తడి ఆరలేదు.