తన్నకముందే తప్పిన బంతి

అబద్ధం రాశారు మీరు. పూర్వ విద్యార్థుల సంఘం వారికీ, క్రీడా విభాగం వారికీ, ఆ రెంటికీ పెద్దగా ఉన్న పళ్ల డాక్టరు గేలెన్ స్ట్రాండ్ గారికీ కలిపే చెబుతున్నాను. కొత్త వ్యాయామశాల గోడకు ఇత్తడి పలక బిగించి, మన మస్క్‌రాట్ల జట్టుకు వందేళ్ల చరిత్ర అని పేరు పెట్టి, అర్లిస్ నోవోట్నీ తన్నని బంతిని తప్పిపోయిందని రాశారు. అదీ ఎక్కడ? మీ పనికి సాక్ష్యంగా ఉన్న ఫొటో కిందే. అబద్ధమాడేవాడు ఫొటో అయినా దాచుకుంటాడు. మీకు ఆపాటి జాగ్రత్త కూడా లేకపోయింది.

చరిత్ర అన్నారు కాబట్టి చరిత్రే మాట్లాడదాం. వేరే యూనివర్సిటీలు తమ ఫుట్‌బాల్ జట్టుకు పులి పేరో ఎలుగుబంటి పేరో పెట్టుకుంటాయి. మనవాళ్లు నీటి ఎలుక పేరు పెట్టుకున్నారు. సరే, ఎవరి స్థాయి వాళ్లది. మొదటి కోచ్ లాటిన్ పంతులు. నియమాల పుస్తకం చేత పట్టుకుని గీత పక్కన నిలబడేవాడట. ఆయన పేజీ తిప్పేలోపు అవతలివాళ్లు ఆరు పాయింట్లు చేసేసేవారట. మొక్కజొన్న కోతలొస్తే సగం జట్టు పొలాల్లో ఉండేది. మిగతా సగం మైదానంలో తన్నులు తినేది. దీన్నంతా మీరు "కష్టాలకు ఎదురొడ్డిన తొలి దశ" అని రాశారు. ఓడిపోయాం అని రాస్తే ఇత్తడి నల్లబడుతుందా?

ఇక 1973 సంగతి. వరసగా మూడు సీజన్లు ఓడి ఉన్నాం. ఆట చూడ్డానికి వెళ్లేవాళ్లం గాని స్కోరుబోర్డు చూడటం మానేశాం. అది బ్రెనర్ కాలేజీతో చివరి ఆట. నేను ధాన్యం గోదాములో పని దిగి నేరుగా వచ్చాను. చెయ్యి విరిగి కట్టు కట్టి ఉంది. లేకపోతే తర్వాత జరిగినదాంట్లో నేనూ దూకేవాణ్ణే, ఆ మాట ఇప్పుడే చెబుతున్నాను.

గడియారం సున్నాకు వచ్చే వేళకు మనవాడొకడు బంతి చంకన పెట్టుకుని పరుగెత్తి అవతలివాళ్ల గీత దాటాడు. ఆరు పాయింట్లు. పదమూడు, పదమూడు. సమం. ఆరు పాయింట్లు వచ్చాక ఒక తన్ను ఉంటుంది. బంతి రెండు స్తంభాల మధ్య నుంచి, అడ్డకమ్మీ పైనుంచి పోతే ఇంకో పాయింటు. అంతకుముందు మన మొదటి ఆరుకు ఏడో పాయింటు కలిపింది అర్లిస్ కాలే. ఈసారి కూడా పోతే గెలుపు. అర్లిస్ హెల్మెట్ పెట్టుకుని, బూటుకున్న మట్టి దులుపుకుని, లోపలికి వచ్చాడు.

ఎక్కడి తన్ను! సమం అన్నదే మనవాళ్లకు చాలిపోయింది. ఓడనిదాన్ని గెలుపు అనుకునే అలవాటు మనది. విద్యార్థులంతా కంచె దూకి దక్షిణం వైపు గోల్‌పోస్టు మీద పడ్డారు. వాళ్లు ఒకటి పీకుతుంటే మనకేం తక్కువని ఊరివాళ్లు ఉత్తరం వైపుది పట్టుకున్నారు. గొప్ప జట్లు పెద్ద ఆట గెలిచినప్పుడు చేసే సంబరం అది. మనవాళ్లు గెలవకముందే చేశారు.

"స్తంభాలేవి?" అని అరిచాడు రెఫరీ.

"అవిగో, వెళ్తున్నాయి," అన్నాడు కోచ్, కంచె వైపు చూపించి.

"తన్నడానికి లేకపోతే పరుగెత్తి ప్రయత్నించుకోండి. అదీ నియమంలో ఉంది."

"ఎక్కడ పరుగెత్తమంటారు సార్? మైదానం నిండా జనమే. మా అమ్మ కూడా వాళ్లలోనే ఉంది."

అప్పట్లో మైదానానికి దీపాలు లేవు. చీకటి పడింది. రెఫరీ ఈల ఊది కారెక్కాడు. అర్లిస్ బంతి పట్టుకుని నిలబడ్డాడు, పెళ్లి ఆగిపోయిన పెళ్లికొడుకులా.

తర్వాత ఏమైంది? స్తంభాలు పీకినవాళ్లు చదువులు ముగించి పెద్దమనుషులయ్యారు. ఒకడు బ్యాంకు, ఒకడు చర్చి, ఒకడు పళ్లు. పీకిన కథ చెప్పుకోవడానికి సిగ్గేసింది. "అర్లిస్ తప్పాడు" అన్న కథ అందరికీ సుఖంగా ఉంది. అర్లిస్ సోయా పొలం చేసుకుంటూ, సాయంత్రాలు హైస్కూలు పిల్లలకు తన్నడం నేర్పుతూ ఉండిపోయాడు. క్షౌరశాలలో ఎవరైనా ఎగతాళి చేస్తే నవ్వి ఊరుకున్నాడు. నోటి మాట కదా, గాలికి పోతుందనుకున్నాడు. మీరు దాన్ని ఇత్తడిమీద చెక్కారు.

పోయిన ఆదివారం పలక ఆవిష్కరణకు అర్లిస్, అతని భార్య వెల్డా వచ్చారు. వెల్డా తన చేతి కోలాచీలు పళ్లెం నిండా తెచ్చింది, మధ్యలో ఆప్రికాట్ ముద్ద పెట్టిన తీపి బన్నులు. తెర తీశారు, చప్పట్లు కొట్టారు. అర్లిస్ కళ్లజోడు పెట్టుకుని చదివాడు: "చివరి తన్ను గురి తప్పడంతో విజయం చేజారింది." ఇంతలో ఇప్పటి జట్టులో బంతి తన్నే కుర్రాడు వచ్చి భుజం తట్టాడు.

"బాధపడకండి సార్. పోయిన వారం నేనూ తప్పాను. మనిద్దరం ఒకటే."

"చూశాను నాయనా. నీది మంచి తన్నే. గాలి లాగేసింది," అన్నాడు అర్లిస్. ఓదార్పు కావలసిన మనిషి ఓదార్చాడు!

వెల్డాకు అంత ఓపిక లేదు. పలక ముందు నిలబడి డాక్టరు గారిని పిలిచింది.

"ఏమయ్యా గేలెన్, ఈ ఫొటోలో కమ్మీ మీద గుర్రమెక్కినట్టు ఎక్కి నోరు తెరిచింది ఎవరు?"

"నేనే వెల్డా! జుట్టు చూశావా, ఎంత ఉండేదో!"

"జుట్టు సరే. ఆ కమ్మీ ఎక్కడుంది?"

"మనవాళ్ల భుజాల మీద."

"మూల బంతి పట్టుకుని దిక్కులు చూస్తున్నదెవరు?"

"అర్లిస్."

"మరి ఈయన ఎప్పుడు తన్నాడయ్యా? ఎక్కడి నుంచి పోవాలని తన్నాడు, నీ పళ్ల సందులోంచా?"

అందరూ నవ్వారు. డాక్టరు గారూ నవ్వారు, పాపం, ఆయన మంచివాడే. అదే వచ్చిన చిక్కు.

"ఒరేయ్ అర్లిస్, ఇంత చిన్నదానికి మనసు కష్టపెట్టుకుంటావా? శనివారం ఆట మధ్య విరామంలో నీచేతే తన్నిస్తాం. బాగా దగ్గర నుంచే. బ్యాండు వాయిస్తుంది. పోకపోతే ఇంకోసారి తన్ను."

"నా మోకాలు ఇనుపది రా. తన్నితే మోకాలు స్తంభాలు దాటుతుంది, బంతి ఇక్కడే ఉంటుంది."

మళ్లీ నవ్వారు. అర్లిస్ మాత్రం నవ్వలేదు. కళ్లజోడు తీసి జేబులో పెట్టుకున్నాడు.

"గేలెన్, ఆ రోజు గాలి ఎదురుగా ఉంది. నా బంతి ఎప్పుడూ కాస్త ఎడమకు పోయేది. తన్ని ఉంటే ఏమయ్యేదో నాకిప్పటికీ తెలీదు. ట్రాక్టరు మీద కూర్చుని చాలాసార్లు తన్నాను. కొన్నిసార్లు పోతుంది. కొన్నిసార్లు పోదు. నాకే తెలియనిది నీకెలా తెలిసింది?"

అర్లిస్ పలక మీది ఆ వాక్యం మీద వేలు పెట్టాడు.

"తప్పితే తప్పనీ. నా కాలితో తప్పాలి. నీ చేత్తో కాదు."

"చెక్కించేశాం కదరా," అన్నాడు డాక్టరు, మెల్లిగా. "ఇత్తడి. ఇప్పుడెలా మారుస్తాం?"

"ఇనుప స్తంభాలు ఉత్త చేతుల్తో పీకినవాళ్లు నాలుగు మరలు విప్పలేరా?" అంది వెల్డా. బల్ల మీది కోలాచీల పళ్లెం తీసుకుంది. డాక్టరు గారి చేతిలో అప్పటికే ఒకటి ఉంది. దాన్నీ తీసుకుని పళ్లెంలో పెట్టుకుంది. ఇద్దరూ వెళ్లిపోయారు.

మన ఊళ్లో ఆట జరిగితే అర్లిస్ రాని రోజు లేదు. వానలో వచ్చాడు, మంచులో వచ్చాడు, మనం ఓడుతున్నా చివరిదాకా కూర్చున్నాడు. ఈ శనివారం రానన్నాడు. ఆ పలక ఉన్నంతకాలం రానన్నాడు. మనల్ని ఇంత ఓర్చుకున్న మనిషిని మన గేటు దగ్గరే ఆపేశారు మీరు.

కాబట్టి సన్మానాలొద్దు, బ్యాండొద్దు, విరామంలో ఉత్తుత్తి తన్నులొద్దు. శనివారం ఆట మొదలయ్యేలోగా ఆ పలక దించండి. గెలిచేవాళ్లమని రాయకండి, బంతి తప్పేదని రాయకండి, అది ఎవరికీ తెలియదు. తెలిసింది మాత్రమే రాయండి: "అర్లిస్ నోవోట్నీ తన్నడానికి సిద్ధంగా ఉన్నాడు. మేం తన్ననివ్వలేదు." కింద మీ పేర్లు చెక్కించండి. ఎవరెవరివో గుర్తులేకపోతే ఫొటోలో మొహాలున్నాయి, చూసుకోండి. తర్వాత డాక్టరు గారే స్వయంగా నోవోట్నీల ఇంటికి వెళ్లి, తలుపు తట్టి, వాళ్లిద్దర్నీ ఆటకు పిలుచుకు రావాలి.