నలభై ఒక్క సినిమాల పాస్టరు

స్టాక్‌హోం స్టూడియోలో ఇరవై ఆరేళ్లు మేకప్ పని చేశాను. అల్గోత్ లీడ్‌హోల్మ్ మెడకు పాస్టర్ల తెల్లపట్టీ నలభై ఒక్క సినిమాల్లో కట్టింది నేనే. హీరో హీరోయిన్లు ప్రేమించుకుంటే అల్గోత్ పెళ్లి చేసేవాడు, హీరోల తండ్రులు చస్తే అల్గోత్ పాతిపెట్టేవాడు. రెండు వాక్యాలు, ఒక ఆమెన్. చిట్టచివర తెరమీద అతని పేరు పడే సరికి జనం లేచి కోట్లు తొడుక్కుంటూ ఉండేవాళ్లు.

బేకరీలో కూడా అతన్ని, “పాస్టరు గారికి ఎన్ని బన్నులు కావాలి?” అనే అడిగేవాళ్లు. అతనూ కాదనేవాడు కాదు.

పంతొమ్మిది వందల అరవై తొమ్మిదిలో యెర్కర్ అనే కుర్ర దర్శకుడు దిగాడు. గడ్డం, కార్డురాయ్ ప్యాంటు, తాతనైనా నువ్వనే పిలుపు. కొత్త బిచ్చగాడు పొద్దెరగడు కదా, ఉదయం ఐదింటికే షూటింగ్ పెట్టేవాడు. అయినా అతన్ని క్షమించాను, ఎందుకంటే అల్గోత్‌కి రెండు పేజీల వేషం ఇచ్చాడు.

“గన్వోర్, ఈసారి నా పాత్రకి పేరుంది తెలుసా? పాస్టర్ వీక్‌స్ట్రోమ్,” అన్నాడు అల్గోత్ నాతో. అరవై ఎనిమిదేళ్ల మనిషి, నా కుర్చీలో కూర్చుని నెలరోజులు ఆ రెండు పేజీలూ వల్లెవేశాడు.

తీరా ఆ పాతిపెట్టే సీను తీసే రోజున, పల్లెటూరి చర్చి దగ్గరికి యెర్కర్ ఇంకో మనిషిని వెంటబెట్టుకొచ్చాడు.

“ఏమీ అనుకోకు అల్గోత్. నిన్ను చూస్తే ఇది సినిమా అని తెలిసిపోతుంది. నాకు నిజం కావాలి. ఈయన థోర్సెల్, అసలైన పాస్టరు. నువ్వు ఏడ్చేవాళ్లలో నిలబడు.”

“ఏ వరసలో?” అన్నాడు అల్గోత్.

“మూడో వరస.”

నాకు ఒళ్లు మండిపోయింది. అల్గోత్ మాత్రం మెడపట్టీ విప్పి నా చేతికిచ్చాడు.

మా దేశంలో శవపేటిక మీద పాస్టరే మూడు పారల మట్టి వెయ్యాలి. థోర్సెల్ ఒక పార వేశాడు, రెండోది వేశాడు. మూడోదానికి ముందు ఆగి, ఆకాశం కేసి చూసి, నిట్టూర్చి అప్పుడు వేశాడు. యెర్కర్ కళ్లు తుడుచుకున్నాడు.

“చూశావా గన్వోర్? ఏ నటుడికైనా ఇది చేతనవుతుందా?”

నాకు నవ్వాగలేదు. “అది అల్గోత్‌ది నాయనా. నలభై మూడులో మైకు కర్ర నెత్తిమీదికి జారుతుంటే, తగులుతుందేమోనని ఆగి పైకి చూశాడు. జనం ఏడ్చారు. అప్పట్నుంచీ ప్రతి సినిమాలోనూ అదే చేయించారు.”

థోర్సెల్ మొహం ఎర్రబడింది. “నిజమేనండీ. మా నాన్న చనిపోయిన ఏడాది ఆ సినిమా చూశాను. అల్గోత్ గారు అలా ఆగడం చూసే పాస్టరునయ్యాను.”

“అయితే అది వద్దు. ఆగకుండా చెయ్యి,” అన్నాడు యెర్కర్.

ఆరుసార్లు తీశారు. ఆరుసార్లూ థోర్సెల్ చెయ్యి మూడో పార దగ్గర ఆగిపోయింది. “పన్నెండేళ్లుగా మనుషుల్ని ఇలాగే సాగనంపుతున్నాను. ఇప్పుడు మానమంటే రావట్లేదండీ,” అన్నాడు పాపం.

ఇక వేషం అల్గోత్‌కే తిరిగొస్తుందని నేను మెడపట్టీ దులిపి సిద్ధంగా పట్టుకున్నాను.

అల్గోత్ వరసలోంచి వచ్చి పార అందుకున్నాడు. ఆకాశం కేసి చూడలేదు, నిట్టూర్చలేదు. బంగాళాదుంపల మడిలో మట్టి కప్పినట్టు మూడు పారలూ వేశాడు. మట్టి నుంచి వచ్చావు, మట్టిలో కలుస్తావు అని, పేటికలో ఉన్న మనిషికి మాత్రమే వినపడేలా చెప్పాడు. పేటిక ఖాళీదని తెలిసి కూడా నాకు ఏడుపొచ్చింది. కూలికి వచ్చిన గుంపులో ఒక ముసలాయన టోపీ తీశాడు.

“ఇంతే బాబూ,” అన్నాడు అల్గోత్ థోర్సెల్‌తో. “పోయినవాళ్లకి మన మొహం కనపడదు.”

యెర్కర్ గబుక్కున కెమెరామన్ వైపు తిరిగాడు.

“తీశావా?”

“నువ్వు తియ్యమనలేదుగా.”

“సరే. థోర్సెల్, నువ్వు అచ్చం అలాగే చెయ్యి.”

అల్గోత్ పార అతని చేతికిచ్చి, పట్టుకునే తీరు సరిచేసి, మూడో వరసలోకి వెళ్లి నిలబడ్డాడు.